రూపాంతరమా, భక్షణమా? - లెన్ లై ‘టుసలావా’లో ఊహాజీవి జీవనచక్రం

ప్రవేశిక

అమూర్త చలనచిత్రం విమర్శకుడికి పెట్టే చిక్కు ప్రత్యేకమైనది. అందులో పాత్ర ఉండదు, మాట ఉండదు, ఫలానా చోటు అని చెప్పదగిన స్థలం ఉండదు. ఉన్నదల్లా చలనం. అయినా చూపరి మనస్సు ఊరకే ఉండదు. రెండు చుక్కలు దగ్గరైతే స్నేహమంటుంది, ఒకటి మరొకదాన్ని తాకితే దాడి అంటుంది, తాకినది పెద్దదైతే తిన్నదంటుంది. కథ లేనిచోట కథను కల్పించుకోవడం చూపరి స్వభావం. ఆ కల్పనలో ఎంత భాగం కృతికి చెందుతుంది, ఎంత భాగం చూపరి వెంట తెచ్చుకున్నది అని విడదీయడమే అమూర్త చిత్ర విమర్శకు మొదటి పని.

ఈ పనికి లెన్ లై తీసిన ‘టుసలావా’ మంచి పరీక్షా స్థలం. 1929లో లండన్‌లో పూర్తయిన ఈ లఘుచిత్రం సుమారు పది నిమిషాల నిడివిగల నలుపు తెలుపుల యానిమేషన్. లోకంలో లేని ఒక జీవి కణప్రాయమైన చుక్కలనుంచి పుట్టి, పెరిగి, మరొక రూపాన్ని ఎదుర్కొని, చివరికి వృత్తాలలో లీనమయ్యే క్రమం ఇందులో కనిపిస్తుంది. ఈ చిత్రానికి ఇప్పటికి అనేక వ్యాఖ్యానాలు ఏర్పడ్డాయి. శీర్షిక ఒకటి చెబుతుంది, సెన్సారు మండలి ఒకటి శంకించింది, దర్శకుడు ఒక సమాధానం ఇచ్చాడు, తరువాతి కాలంలో ఆయనే మరో సిద్ధాంతం ప్రతిపాదించాడు. ఈ వ్యాఖ్యానాలన్నీ చిత్రంలోని ఒక కీలకమైన అనిశ్చితిని తొందరపడి పరిష్కరిస్తున్నాయనీ, ఆ అనిశ్చితే చిత్రానికి బలమనీ నిరూపించడం ఈ వ్యాసం ఉద్దేశం. ఆ బలం వెనుక ఒక తీరని రుణం కూడా ఉంది. దానిని ప్రస్తావించకుండా చిత్రాన్ని ప్రశంసించడం సగం విమర్శే అవుతుంది.

నిర్మాణ నేపథ్యం

లెన్ లై 1901లో న్యూజిలాండ్‌లోని క్రైస్ట్‌చర్చ్‌లో జన్మించాడు. యువకుడిగా ఉన్నప్పుడే ఆయనకు కలిగిన ఆలోచన ఆయన కళాజీవితానికంతటికీ మూలమైంది. సంగీతకారుడు స్వరాలను కూర్చినట్లు చలనాన్ని కూర్చవచ్చు కదా అన్నదే ఆ ఆలోచన. మేఘం కదులుతున్నట్లు భ్రమ కలిగించే బొమ్మ గీయడానికి బదులు, కదలికనే నేరుగా కళావస్తువుగా గ్రహించాలని ఆయన భావించాడు. పసిఫిక్ దీవుల కళ, మావోరీ కళ, ఆస్ట్రేలియా ఆదివాసుల కళ ఆయనను గాఢంగా ఆకర్షించాయి. ఆ రోజుల్లోనే ఫ్రాయిడ్ రచన ‘టోటెమ్ అండ్ టాబూ’నుంచి భాగాలను తన చిత్రలేఖన పుస్తకంలోకి చేతితో ఎత్తి రాసుకున్నాడు. సిడ్నీలో కొంతకాలం, సమోవా దీవుల్లో కొంతకాలం గడిపి, 1926లో లండన్ చేరాడు.

లండన్‌లో ఫిల్మ్ సొసైటీ 1925లోనే ఏర్పడింది. వ్యాపార ప్రదర్శనశాలల్లో చోటు దొరకని చిత్రాలను సభ్యులకు చూపించడం దాని పని. ఆ సంస్థ తోడ్పాటుతో లై సుమారు రెండేళ్లు శ్రమించి నాలుగు వేలకు పైచిలుకు బొమ్మలు గీశాడు. సహాయక బృందం లేదు. గీసినవి ఒక్కొక్కటిగా కెమెరాకు ఎక్కాయి. 1929 డిసెంబరులో ఫిల్మ్ సొసైటీ ఈ చిత్రాన్ని ప్రదర్శించింది. ఆస్ట్రేలియానుంచి వచ్చిన మిత్రుడు జాక్ ఎలిట్ రెండు పియానోలకోసం సంగీతం రచించాడు. ఆ సంగీతం ఇప్పుడు లేదు. కాబట్టి నేటి ప్రేక్షకుడు చూసేది నిశ్శబ్ద చిత్రం. ఈ విషయం మున్ముందు చర్చకు వస్తుంది.

ఆ కాలపు యానిమేషన్ రెండు దారులలో నడుస్తోంది. ఒకవైపు డిస్నీ సంస్థ 1928లో ‘స్టీమ్‌బోట్ విల్లీ’, 1929లో ‘ది స్కెలిటన్ డాన్స్’ తెచ్చి, ధ్వనికి లయబద్ధంగా ఆడే హాస్యజీవులను స్థిరపరచింది. మరొకవైపు జర్మనీలో వాల్టర్ రుట్‌మన్ ‘ఓపస్’ చిత్రాలు, స్వీడన్‌కు చెందిన వైకింగ్ ఎగెలింగ్ ‘సింఫనీ డయాగొనాల్’ రేఖాగణిత రూపాలతో దృశ్యసంగీతాన్ని సాధించాయి. మొదటి దారిలో జీవి ఉంది, దానికి పేరూ ముఖమూ ఉన్నాయి. రెండవ దారిలో రూపం ఉంది కాని అది బతికి ఉన్నదన్న భావన ప్రధానం కాదు. లై చిత్రం ఈ రెండింటికీ చెందదు. దీనిలోని రూపం అమూర్తం, అయినా నిస్సందేహంగా సజీవం. అది ఊపిరి తీసుకుంటున్నట్లు ఉబ్బుతుంది, తడుముతున్నట్లు సాగుతుంది, నొప్పి తగిలినట్లు ముడుచుకుంటుంది. పేరులేని ప్రాణాన్ని తెరమీద నిలపడమే లై ఎంచుకున్న మూడవ దారి.

తెరమీది క్రమం

చిత్రం చుక్కలతో మొదలవుతుంది. నలుపు మీద తెలుపు, తెలుపు మీద నలుపు. తెర నిలువునా భాగాలైనట్లు కనిపిస్తుంది. ఒకవైపు చుక్కలు వరుసకట్టి గొలుసుగా మారుతాయి. గొలుసు కణుపుల శరీరమవుతుంది. శరీరానికి ఒక కొస ఏర్పడుతుంది. క్రమంగా అది నేలలోనో చెట్టు వేరులోనో ఉండే తెల్లని పురుగును తలపిస్తుంది. ఈ ఎదుగుదల నింపాదిగా సాగుతుంది. వేగానికి అలవాటుపడిన కంటికి మొదట్లో విసుగు పుట్టే అవకాశం కూడా ఉంది. కాని ఆ మందగమనమే చూపరిని సిద్ధం చేస్తుంది. ఎదుగుదలను చూడాలంటే కాచుకోవాలి. మొలకను చూసే రైతు చూపు లాంటిది ఇక్కడ కావలసిన చూపు.

రెండవవైపు మరొక రూపం సమకూడుతుంది. అది మనిషిని దూరంనుంచి పోలి ఉంటుంది. కొయ్యలో చెక్కిన దేవతాస్తంభం వలె నిటారుగా నిలుస్తుంది. ఇక అక్కడినుంచి చిత్రం ఇద్దరి మధ్య వ్యవహారం. పురుగులాంటి రూపంనుంచి స్పర్శాంగమో నాలుకో అనదగిన పొడవైన అవయవం సాగి రెండవ రూపాన్ని చేరుతుంది. ఆ రూపం కంపిస్తుంది. కంపనం తీవ్రమవుతుంది. హద్దులు చెదిరిపోతాయి. చివరకు ఏకకేంద్ర వృత్తాలు తెరను ఆక్రమిస్తాయి. మొదట చుక్కగా కనిపించిన గుండ్రదనమే ముగింపులో మహాకారంగా తిరిగి వచ్చినట్లవుతుంది.

ఈ సంగ్రహంలోనే విమర్శకు సంబంధించిన ప్రమాదం ఉంది. ‘పురుగు’, ‘దేవతాస్తంభం’, ‘నాలుక’ అన్న మాటలు తెరమీద లేవు. అవి వర్ణనకోసం అరువు తెచ్చుకున్న ఉపమానాలు. వాటిని ఉపమేయాలుగా పొరబడిన మరుక్షణం చిత్రం నీతికథగా కుంచించుకుపోతుంది.

వాచ్యం లేనిచోట వ్యంగ్యం

ఆనందవర్ధనుడి ధ్వని సిద్ధాంతంలో వ్యంగ్యార్థం వాచ్యార్థాన్ని ఆశ్రయించుకొని స్ఫురిస్తుంది. దీపం వెలుగు కావలసినవాడు దీపశిఖపట్ల శ్రద్ధ వహించినట్లు, వ్యంగ్యాన్ని కోరేవాడు వాచ్యాన్ని ఆదరిస్తాడు. మరి వాచ్యమే లేని కృతిలో వ్యంగ్యం దేనిని ఆశ్రయిస్తుంది? ‘టుసలావా’ విషయంలో వాచ్యం చేయవలసిన పనిని చిత్రం వెలుపలి మాటలు చేశాయి. వాటిలో నాలుగు ముఖ్యమైనవి.

మొదటిది శీర్షిక. ‘టుసలావా’ సమోవా భాషనుంచి వచ్చిన మాట. ‘టుస’ అంటే సమానం, ఒకే తీరు. ‘లావా’ అవధారణార్థకం. రెండూ కలిస్తే అచ్చం అంతే, అంతా సమానమే అని అర్థం. అన్నీ పూర్తి ఆవర్తనం చెంది మొదటికే వస్తాయన్న భావంలో లై ఈ మాటను వివరించాడు. శీర్షికను అనుసరిస్తే చిత్రం జీవనచక్ర చిత్రణ అవుతుంది.

రెండవది సెన్సారు శంక. బ్రిటిష్ సెన్సారు మండలివారికి ఈ చిత్రం అంతుపట్టలేదు. లైంగిక విషయమేదో దాగి ఉందన్న అనుమానంతో వివరణ అడిగారు. అవయవాకారం సాగడం, మరొక శరీరాన్ని చేరడం, కంపించడం - ఈ మూడింటిని కలిపితే వారి అనుమానం పూర్తిగా అకారణమనడానికి వీల్లేదు.

మూడవది లై సమాధానం. ఒక స్వీయరూపం తనకు ప్రతికూలమైన తత్త్వాన్ని నిర్మూలించడమే విషయమని ఆయన చెప్పాడు. ఇది అధికారులను సమాధానపరచడానికి చెప్పిన మాట. అయినా ఫ్రాయిడ్ పరిభాష ఛాయ ఇందులో స్పష్టం. శృంగారమని శంకించినవారికి వీరమని జవాబు వచ్చిందన్నమాట.

నాలుగవది తరువాతి కాలపు సిద్ధాంతం. కళాకారుడి మనస్సులో అప్రయత్నంగా రూపొందే ఆకృతులు శరీరం తనలో దాచుకున్న జీవసమాచారాన్నే వెల్లడిస్తాయని లై చివరి దశాబ్దాలలో విశ్వసించాడు. తర్కబుద్ధికి పూర్వమైన మెదడును ఆయన ‘పాత మెదడు’ అన్నాడు. ఈ దృష్టితో చూస్తే తెరమీది జీవి ఊహాజనితం కాదు, చూపరి ఒంటిలోనే ఉన్న కణజీవితానికి ప్రతిబింబం.

చక్రం, సంగమం, సంహారం, కణజీవితం - నాలుగూ నాలుగు కథలు. వీటిలో ఏ ఒక్కటీ మిగిలిన మూడింటినీ రద్దు చేయలేకపోవడం గమనార్హం. సంగమమంటే సంహారం మిగిలిపోతుంది. సంహారమంటే చివరి వృత్తాల ప్రశాంతత మిగిలిపోతుంది. చక్రమంటే మధ్యలోని హింస మిగిలిపోతుంది. కణజీవితమంటే రెండవ రూపానికి ఉన్న మానుషత్వం మిగిలిపోతుంది. ప్రతి వ్యాఖ్యానంలోనూ ఇలా మిగిలిపోయే శేషమే ఈ చిత్రం సారమని చెప్పవలసి ఉంటుంది.

ముఖం లేని సాత్త్వికభావాలు

చిత్రం కథలకు లొంగకపోయినా చూపరిని కదిలిస్తుంది. ఎలా? రసప్రక్రియలో విభావానుభావ వ్యభిచారి సంయోగం అవసరమని భరతుడి సూత్రం. ఇక్కడ ఆలంబన విభావంగా నిలవదగిన పాత్ర లేదు. శకుంతల లేదు, దుష్యంతుడు లేడు. అయితే అనుభావాలు ఉన్నాయి. అదీ ఒక ప్రత్యేక వర్గానికి చెందినవి.

సాత్త్వికభావాలు ఎనిమిది - స్తంభం, స్వేదం, రోమాంచం, స్వరభేదం, వేపథువు, వైవర్ణ్యం, అశ్రువు, ప్రళయం. వీటిలో అశ్రువుకు కన్ను కావాలి. స్వేద రోమాంచాలకు చర్మం కావాలి. వైవర్ణ్యానికి మేని రంగు కావాలి. స్వరభేదానికి గొంతు కావాలి. స్తంభం, వేపథువు, ప్రళయం మాత్రం ముఖం లేని రూపానికి కూడా సాధ్యమే. నిశ్చలంగా బిగుసుకుపోవడానికీ, వణకడానికీ, చైతన్యం కోల్పోవడానికీ కదలగల దేహం ఉంటే చాలు. ‘టుసలావా’లో రెండవ రూపం సరిగ్గా ఈ మూడు దశలను దాటుతుంది. నిటారుగా స్తంభిస్తుంది. స్పర్శ తగలగానే వణుకుతుంది. ఆపైన హద్దులు కోల్పోయి లయిస్తుంది. భరతుడు సాత్త్వికాలను మనస్సు ఏకాగ్రం కానిదే అభినయించలేనివిగా చెప్పాడు. నటుడే లేని చిత్రంలో ఆ ఏకాగ్రత గీసిన చేతిది. రెండేళ్లపాటు బొమ్మ వెంట బొమ్మగా వణుకును గీయడమంటే ఆ వణుకును చేతివేళ్లలో నిలుపుకోవడమే.

కారణం తెలియకుండా కార్యం మాత్రమే కనిపించినప్పుడు ప్రేక్షకుడి స్థితి ఏమిటి? లోకంలో అయితే అపరిచితుడొకడు వణుకుతుంటే ముందు ఎందుకని అడుగుతారు. ఈ చిత్రంలో ఆ ప్రశ్నకు సమాధానం లేదు. కాబట్టి భయమా, జుగుప్సా, రతియా అన్నది నిర్ణయం కాకుండానే శరీరం స్పందిస్తుంది. అభినవగుప్తుడు చెప్పిన సాధారణీకరణంలో పాత్ర తాలూకు దేశకాల విశేషాలు తొలగి భావం సర్వసామాన్యమవుతుంది. ఇక్కడ తొలగడానికి విశేషాలు మొదటినుంచీ లేవు. సాధారణీకరణం ఫలితంగా కాక ఆరంభస్థితిగానే ఉంది. అందుకే ఈ చిత్రం రసనిష్పత్తిని పూర్తిచేస్తుందనడం కష్టం. స్థాయిభావం ఏదో తేలకుండా రసం నిలబడదు. కాని రసానికి ముందుండే శారీరక స్పందనను ఇంత నగ్నంగా చూపిన కృతులు అరుదు. సెన్సారు మండలి శృంగారాన్ని చూడటం, దర్శకుడు వీరాన్ని చెప్పడం, సామాన్య ప్రేక్షకుడు బీభత్సాన్ని అనుభవించడం ఈ అనిర్ణీత స్థితికి సాక్ష్యాలే.

ఇక్కడే ఎలిట్ సంగీతం లేని లోటు తెలుస్తుంది. సంగీతం ఉన్నప్పుడు వణుకుకు ఒక స్వరభేదం తోడయ్యేది. భావం ఏదో ఒక వైపుకు ఒరిగేది. ఇప్పటి నిశ్శబ్దం మూలకృతి లక్షణం కాదు, చరిత్ర చేసిన నష్టం. నిశ్శబ్ద ప్రతిని చూసి చిత్రం అంతరార్థమే నిశ్శబ్దమని సిద్ధాంతీకరించడం విమర్శలో జాగ్రత్త వహించవలసిన విషయం. పైన చెప్పిన అనిశ్చితి మాత్రం దృశ్యనిర్మాణంలోనే ఉంది కాబట్టి సంగీతం దాన్ని తగ్గించగలిగి ఉండేదేమో కాని తొలగించగలిగేది కాదు.

భ్రమరకీట న్యాయం

పురుగు మరొక రూపాన్ని ఎదుర్కొని రెండూ ఒక్కటైపోయే ఘట్టాన్ని ఆలోచించడానికి భారతీయ సంప్రదాయంలో సిద్ధంగా ఉన్న సాధనం భ్రమరకీట న్యాయం. తుమ్మెద పురుగును తెచ్చి మట్టిగూటిలో బంధిస్తుంది. పురుగు భయంతో తుమ్మెదనే తలచి తలచి చివరకు తుమ్మెదగా మారుతుంది. భాగవత సప్తమ స్కంధంలో వైరంచేత కూడా భగవంతుని చేరవచ్చునని చెప్పే సందర్భంలో ఈ దృష్టాంతం వస్తుంది. భయమైనా, ద్వేషమైనా తదేక ధ్యానమైతే తాదాత్మ్యానికి దారితీస్తుందన్నది దీని తాత్పర్యం.

ఈ న్యాయానికి ఆధారమైన ప్రకృతి వ్యవహారం వేరు. మట్టిగూడు కట్టే కందిరీగ పురుగును కుట్టి నిశ్చేష్టం చేస్తుంది. దానితోపాటు గుడ్డును గూటిలో ఉంచి మూసివేస్తుంది. గుడ్డునుంచి వెలువడిన పిల్ల ఆ పురుగును తిని పెరుగుతుంది. కొన్నాళ్లకు గూడు పగిలి కందిరీగ బయటికి వస్తుంది. లోపలికి పోయింది పురుగు, బయటికి వచ్చింది రెక్కలున్న ప్రాణి. మధ్యలో జరిగినది చూడని కంటికి అది రూపాంతరం. చూసిన కంటికి భక్షణం. తత్త్వవేత్త దృష్టాంతాన్ని తప్పుపట్టడం ఇక్కడ ఉద్దేశం కాదు. దృష్టాంతం ప్రయోజనం భక్తితత్త్వం గానీ కీటకశాస్త్రం కాదు. గమనించవలసింది మరొకటి. మూసిన గూటిలో జరిగిన విషయాన్ని వెలుపలినుంచి చూసేవాడు రెండు రకాలుగానూ చదవగలడు. రెండు పఠనాలకూ ఆరంభమూ అంతమూ ఒక్కటే.

‘టుసలావా’ ఆ గూటి గోడను తొలగించి లోపలి వ్యవహారాన్ని చూపుతుంది. అయినా సందేహం తీరదు. స్పర్శాంగం సాగి రెండవ రూపాన్ని చేరినప్పుడు అది కుట్టిందా, పాలు తాగుతోందా, ప్రాణం పోస్తోందా అన్నది తేలదు. కంపిస్తున్న రూపం చనిపోతోందా, పుడుతోందా అన్నదీ తేలదు. చివరి వృత్తాలు గెలిచినవాడివా, ఇద్దరూ కలిసిన మూడవ స్థితివా అన్న ప్రశ్న అలాగే నిలుస్తుంది. సంహారమని లై చెప్పిన మాట సత్యమే కావచ్చు. కాని చిత్రం ఆ మాటకంటే ఎక్కువ చూపింది. గోడ తొలగినా సందేహం నిలిచిందంటే ఆ సందేహం చూపు లోపంవల్ల పుట్టింది కాదు. జీవనచక్రం స్వభావమే అది. ఒక ప్రాణి దృష్టిలో అంతమైనది మరొక ప్రాణి దృష్టిలో ఆహారం, వంశం దృష్టిలో కొనసాగింపు. శీర్షికలోని ‘అంతా సమానమే’ అన్న అర్థం ఇక్కడ కొత్త బరువు సంతరించుకుంటుంది. చక్రమనే మాట ఊరటనిస్తుంది. సమానమనే మాట ఊరటనివ్వదు. రూపాంతరమూ భక్షణమూ సమానమేనని చెప్పడంలో నిర్దయ ఉంది. చిత్రం ఆ నిర్దయకు వెనుదీయలేదు.

పురుగు ఎవరిది?

చిత్రంలోని పురుగు ఆకృతికి ఆస్ట్రేలియా ఆదివాసుల విచెట్టీ పురుగు టోటెమ్‌తో ఉన్న సంబంధం విమర్శలో సుప్రసిద్ధం. ఇక్కడ ఆ పురుగు చేసిన ప్రయాణాన్ని ఒకసారి గుర్తించాలి. మధ్య ఆస్ట్రేలియాలో అరుంట జాతిగా నాటి గ్రంథాలు పేర్కొన్న జనం ఆచారాలను బాల్డ్విన్ స్పెన్సర్, ఫ్రాంక్ గిలెన్ 1899లో గ్రంథస్థం చేశారు. వారి సమాచారాన్ని కేంబ్రిడ్జ్‌లో జేమ్స్ ఫ్రేజర్ టోటెమ్ సిద్ధాంతాలకు వాడుకున్నాడు. ఫ్రేజర్‌ను ఆధారం చేసుకుని వియన్నాలో ఫ్రాయిడ్ 1913లో ‘టోటెమ్ అండ్ టాబూ’ను వెలువరించాడు. ఆ గ్రంథంనుంచి లై తన పుస్తకంలోకి ఎత్తి రాసుకున్నాడు. అంటే ఎడారిలోని పురుగు నాలుగు చేతులు మారి లండన్ తెరను చేరింది. ప్రతి చేతిలోనూ దాని అర్థం కొంత రాలిపోయింది.

రాలిపోయినదేమిటో స్పెన్సర్, గిలెన్ నమోదు చేసిన విచెట్టీ పురుగు వృద్ధిక్రతువును పరిశీలిస్తే తెలుస్తుంది. ఆ క్రతువులో ఒక పెద్ద రాయి ఎదిగిన కీటకానికీ, చుట్టూ ఉన్న చిన్న గుండ్రాళ్లు గుడ్లకూ చిహ్నాలు. కొమ్మలతో కట్టిన పొడవాటి ఇరుకు పందిరి కీటకకోశానికి చిహ్నం. టోటెమ్‌కు చెందిన పురుషులు అందులో కూర్చుని పురుగు వివిధ దశలను గానం చేసి, కోశాన్ని చీల్చుకుని వచ్చే కీటకం వలె పాకుతూ బయటికి వస్తారు. గుండ్రాళ్లు, కోశం, మెల్లని పాకుడు - ఇవన్నీ ఒక జీవి జీవనచక్రానికి అమూర్త రూపకల్పనలే. చలనాన్నే కళావస్తువు చేయాలని లై కలగన్న పనిని ఆ జనం తరతరాలుగా చేస్తూనే ఉన్నారు. క్రతువు ప్రయోజనం మాత్రం వేరు. అది పురుగు వృద్ధికోసం. వృద్ధి అయ్యాక ఆ టోటెమ్‌వారు తాము కొద్దిగా మాత్రమే తిని, తక్కిన జనాన్ని తృప్తిగా తిననిస్తారు. పురుగు అక్కడ బంధువూ ఆహారమూ కూడా. ఆ రెండింటి మధ్య ఉద్రిక్తతను వారు నియమంతో, పంపకంతో పరిష్కరించుకున్నారు.

ఫ్రాయిడ్ చేతిలో టోటెమ్ తండ్రికి ప్రతినిధి అయింది. కొడుకులు తండ్రిని చంపి తిన్న ఆదిమ నేరానికి పశ్చాత్తాపంగా నిషేధాలు పుట్టాయన్నది ఆయన ఊహ. పంపకం స్థానంలో హత్య వచ్చింది. లై చేతిలో పశ్చాత్తాపం కూడా తొలగిపోయింది. ఇద్దరు ఒంటరి ప్రాణుల ముఖాముఖి మాత్రమే మిగిలింది. తెరమీద పురుగు ఉంది, దాన్ని పాడే జనం లేరు. తినడం ఉంది, పంచుకోవడం లేదు. రూపాంతరమా, భక్షణమా అన్న ప్రశ్నకు జవాబు లేకపోవడానికి ఇదీ ఒక కారణం కావచ్చు. జవాబు చెప్పగల సమాజం చట్రంలోకి రాలేదు.

దీన్ని లై వ్యక్తిగత దోషంగా ఎంచితే సరిపోదు. ఆ తరం ఐరోపా కళాకారుల్లో అనేకులు ఆఫ్రికా శిల్పాలనుంచీ, పసిఫిక్ ముసుగులనుంచీ ఆకృతులను తీసుకున్నారు. వాటిని చేసినవారిని ‘ఆదిమ’ అన్న ఒక్క మాటతో చరిత్ర వెలుపల నిలిపారు. లై ఆ మాటను హీనార్థంలో వాడలేదు, పైగా ఆ కళను తన గురువుగా భావించాడు. అయితే గౌరవం ఒకటి, సంబంధం మరొకటి. ఆదివాసుల కళను సమకాలీనుల కళగా కాక మానవ మనస్సు అట్టడుగు పొరగా చూడటంలో ఒక దూరం ఉంది. ‘పాత మెదడు’ సిద్ధాంతం ఆ దూరాన్ని తగ్గించకపోగా స్థిరపరిచింది. పురుగు ఆకృతి తన శరీరంనుంచే వెలువడిందని చెప్పుకోగలిగిన కళాకారుడికి అది ఎవరినుంచి వచ్చిందో చెప్పవలసిన అవసరం తగ్గుతుంది. అరుంట క్రతువిశేషాలు అచ్చుకెక్కడం కూడా వలసపాలనలోని అసమాన సంబంధాల మధ్యనే జరిగిందన్నది మరువరాదు.

ఈ ప్రశ్న తెలుగు పరిశోధకులకు దూరమైనది కాదు. గిరిజనుల చిత్రాలనూ, పాటలనూ, క్రతువులనూ సేకరించి వర్గీకరించే పని విశ్వవిద్యాలయాల్లో ఏళ్లుగా సాగుతోంది. ఆకృతిని తీసుకుని, దానిని మోసే నియమాలనూ మనుషులనూ పాదసూచికలకు పరిమితం చేసే అలవాటు ఎక్కడైనా ఏర్పడవచ్చు. ‘టుసలావా’ ఆ అలవాటుకు ఒక శక్తిమంతమైన, అందుకే హెచ్చరికగా నిలిచే ఉదాహరణ.

ముగింపు

లై తరువాత ఈ దారిలో కొనసాగలేదు. 1935లో బ్రిటిష్ తపాలాశాఖ చిత్రవిభాగంకోసం చేసిన ‘ఎ కలర్ బాక్స్’లో కెమెరానే వదిలేసి రంగులను నేరుగా ఫిల్మ్ మీద వేశాడు. 1958 నాటి ‘ఫ్రీ రాడికల్స్’లో నల్లని ఫిల్మ్‌ను గీకి తెల్లని గీతలను నర్తింపజేశాడు. ఈ చిత్రాలలో పురుగు లేదు, దేవతాస్తంభం లేదు. జీవి పోయి చలనం మిగిలింది. 1980లో మరణించేనాటికి ఆయన కదిలే లోహశిల్పాలకు కూడా ప్రసిద్ధుడు. ఈ పరిణామాన్ని బట్టి ‘టుసలావా’ను తొలినాళ్ల ప్రయోగంగా, కళాకారుడు వదిలిపెట్టి ముందుకు సాగిన కోశంగా చూడటం పరిపాటి.

ఆ అంచనాను కొంత సవరించుకోవాలి. తరువాతి చిత్రాలలో ఆనందం ఎక్కువ, స్వేచ్ఛ ఎక్కువ. కాని ఒక ప్రాణి మరొక ప్రాణిని చేరినప్పుడు కలిగే ప్రశ్న వాటిలో లేదు. గీతకు చావు లేదు కాబట్టి దానికి జీవనచక్రమూ లేదు. ‘టుసలావా’లో గీత పుడుతుంది, ఆకలిగొంటుంది, వణుకుతుంది, లయిస్తుంది. నాలుగు వ్యాఖ్యానాలకూ లొంగని శేషాన్ని చూపరి ముందుంచి, దాన్ని పూరించకుండా ముగుస్తుంది. ఆ శేషంలో కొంత కళాకారుడి సాధన. కొంత ఆయన పురుగును తెచ్చుకుంటూ వెంట తెచ్చుకోని సమాజం వదిలిన ఖాళీ. చిత్రాన్ని న్యాయంగా చదవాలంటే ఈ రెండింటినీ వేరుచేయాలి, రెండింటినీ లెక్కలోకి తీసుకోవాలి. మొదటిదాన్ని మాత్రమే చూసే విమర్శ చిత్రాన్ని పొగుడుతుంది. రెండవదాన్ని మాత్రమే చూసేది తిరస్కరిస్తుంది. వణుకుతున్న ఆ రూపాన్ని చూసి కారణం తెలియకపోయినా చలించిన ప్రేక్షకుడికి ఆ రెండూ చాలవు.